ప్రయోగశాల తాళపుచెవి

ప్రతి సంవత్సరమును పదవ తరగతి ఫలితములు వెలువడిన వారమున మా యింటి యరుగుమీద తలిదండ్రులు వచ్చి కూర్చుందురు. వారు తెచ్చు ప్రశ్న యొక్కటియే: "ఏ గ్రూపులో చేర్చమంటారు, మాస్టారూ?" ప్రశ్న నన్నడుగుదురే గాని జవాబును ఇంటినుండి తెచ్చుకొనియే వత్తురు. పిల్లవానిని ఏదో యొక కార్పొరేటు కళాశాలలో ఎం.పి.సి.లో చేర్పించుట, పిమ్మట కంప్యూటరు సైన్సులో సీటు సంపాదించుట, అటుపిమ్మట హైదరాబాదునకో బెంగుళూరునకో పంపుట: ఇదియే ఆ జవాబు. దానికి తలయూపుట మాత్రమే నా పని.

ఈ యేడు కోనసీమనుండి కొబ్బరి వర్తకు లొకరు తమ కుమారుని వెంటబెట్టుకొని వచ్చిరి. పిల్లవాడు తలవంచుకొని, తనకు భౌతికశాస్త్రమనిన ఇష్టమనియు, దానినే పైకి చదువ గోరుచున్నాననియు మెల్లగా చెప్పెను. తండ్రి నవ్వి, "ఫిజిక్సు చదివితే చివరికి మీలాగ మాస్టారే గదండీ అయ్యేది!" అనిరి. ఆయన నన్ను నొప్పింపవలెనని యనలేదు. ఉన్న మాటయే యనిరి. కాని యా మాటకు నేను వెంటనే తగిన యుత్తర మీయలేకపోతిని. వారు కాఫీ త్రాగి వెళ్లిపోయిన తరువాత చాలసేపు అరుగుమీదనే కూర్చుంటిని. ఆనాడు చెప్పలేని యుత్తరమును ఈ సంచికలో వ్రాయుచున్నాను. అది యా తండ్రికి మాత్రమే కాదు. నాకును, నాతోడి యుపాధ్యాయులకును, ఈ పుటలను చదువు విద్యార్థులకును గూడ.

ముందుగా ఒక జీవితమును మీ యెదుట నుంచెదను.

కృష్ణాజిల్లాలో వల్లూరుపాలెమను పల్లె కలదు. మన గోదావరి డెల్టాకు పొరుగున నున్న కృష్ణా డెల్టాలోనిదే యా యూరు. అచ్చట 1957వ సంవత్సరమున చెన్నుపాటి జగదీశ్ గారు జన్మించిరి. బాల్యమున తాము కిరసనాయిలు దీపము ముందు కూర్చుండి చదువుకొంటిమనియు, ఉన్నత పాఠశాలలో చదువునపుడు కొంతకాలము తమ యుపాధ్యాయుని యింటనే యుండి చదివితిమనియు వారే చెప్పియున్నారు. తెనాలిలోని వి.ఎస్.ఆర్. కళాశాలలో చదివి 1977లో నాగార్జున విశ్వవిద్యాలయమునుండి బి.యస్సీ. పట్టమును పొందిరి. 1980లో వాల్తేరులోని ఆంధ్ర విశ్వకళాపరిషత్తునుండి అనువర్తిత భౌతికశాస్త్రమున ఎం.యస్సీ. టెక్ పట్టమును, ఢిల్లీ విశ్వవిద్యాలయమునుండి 1982లో ఎం.ఫిల్. పట్టమును, 1986లో డాక్టరు పట్టమును పొందిరి. 1985 మొదలు 1988 వఱకు ఢిల్లీలోని శ్రీ వేంకటేశ్వర కళాశాలలో అధ్యాపకులై పాఠములు చెప్పిరి. కొబ్బరి వర్తకుల మాట నిజమే: ఫిజిక్సు చదివిన జగదీశ్ గారు మొదట మాస్టారే యైరి!

అచ్చటితో కథ ముగియలేదు. 1988లో కెనడా దేశమునందలి కింగ్‌స్టన్ పట్టణమున క్వీన్స్ విశ్వవిద్యాలయమునకు పరిశోధనకై వెళ్లిరి. 1990లో ఆస్ట్రేలియా రాజధానియగు కాన్‌బెరాలోని ఆస్ట్రేలియన్ నేషనల్ యూనివర్సిటీని చేరి, ఎలక్ట్రానిక్ పదార్థముల ఇంజనీరింగు శాఖలో నానో పదార్థములను గూర్చియు, కాంతిని విద్యుత్తుగను, విద్యుత్తును కాంతిగను మార్చు సూక్ష్మ సాధనములను గూర్చియు పరిశోధనా వర్గము నొకదానిని నెలకొల్పిరి. 2016లో ఆస్ట్రేలియా ప్రభుత్వము తన పౌర బిరుదములలో మిక్కిలి యున్నతమైన కంపానియన్ ఆఫ్ ది ఆర్డర్ ఆఫ్ ఆస్ట్రేలియాను వారి కొసగెను. 2022లో వారు ఆస్ట్రేలియా విజ్ఞాన పరిషత్తునకు అధ్యక్షులైరి. భారత సంతతివారిలో ఆ పీఠము నెక్కిన మొదటివారు వారే. 2023లో మన భారత ప్రభుత్వము ప్రవాసి భారతీయ సమ్మానముతో వారిని గౌరవించెను.

బిరుదముల జాబితా చదివి చప్పట్లు కొట్టుట సులభము. ఇంతకును ఆయన చేయు పని యేమి? దాని నెఱుగనిచో మన గౌరవము ఉత్త మాటయే యగును. కావున తరగతిలో చెప్పినట్లే చెప్పెదను.

నానోమీటరనగా మీటరులో నూఱుకోట్లవవంతు. మన తలవెండ్రుక మందము సుమారు ఎనుబది వేలనుండి లక్ష నానోమీటరులుండును. ఇంత చిన్నదానితో పని యేమని మీ రడుగవచ్చును. ఒక లెక్క చూడుడు. ఒక్కొక్క ప్రక్క ఒక సెంటీమీటరు గల ఘనమును తీసికొనుడు. దాని యుపరితలము మొత్తము ఆఱు చదరపు సెంటీమీటరులు. ఒక తపాలా బిళ్లయంత. దానినే ప్రక్క కొక నానోమీటరు చొప్పున చిన్న ఘనములుగా కోయగలిగితి మనుకొనుడు. పదార్థము గింజంతయు పెరుగలేదు, తరుగలేదు. కాని యా చిన్న ఘనములన్నిటి యుపరితలమును కూడినచో ఆఱువేల చదరపు మీటరులగును. అనగా సుమారు ఎకరమున్నర మాగాణి! మన డెల్టాలో ఎకరమున్నర యెంత పొలమో రైతుబిడ్డకు వేఱుగ చెప్ప నక్కఱలేదు. కాంతి తగులునదియు, వాయువు లంటునదియు, రసాయన సంయోగము జరుగునదియు పదార్థపు ఉపరితలముననే కదా! అందువలన గుప్పెడు పదార్థము పొలమంత పని చేయును. అంతియే కాదు, అంత చిన్న పరిమాణమున పదార్థపు రంగును, విద్యుత్తును ప్రసరింపజేయు తీరును గూడ మారిపోవును. కణపు పరిమాణమును మార్చి రంగును మార్చగల క్వాంటమ్ చుక్కలను గూర్చి కృషి చేసిన ముగ్గురకు 2023లో రసాయనశాస్త్రమున నోబెలు బహుమాన మీయబడెను.

ఇట్టి తీగెలను పెంచు విధానము మిక్కిలి ముచ్చటైనది. ఒక స్ఫటికపు పలకమీద అతిసూక్ష్మములైన బంగారు కణములను చల్లుదురు. పలకను వేడిచేసి, కావలసిన మూలకములు గల వాయువులను దానిపైగా పోనిత్తురు. వాయువులలోని పరమాణువులు బంగారు కణమునుండి దిగి దాని యడుగున పొరమీద పొరగా పేరుకొనును. చిక్కుడు మొలక గింజను తలపై మోయుచు నేలనుండి లేచునట్లు, తీగె బంగారు కణమును తలపై మోయుచు పైకి లేచును. ఈ విధానమును మొదట 1964లో అమెరికాలోని బెల్ ప్రయోగశాలవారు వివరించిరి. జగదీశ్ గారి వర్గమువారు ఇట్టి తీగెలతో సాధారణమగు గది వేడిమియందే లేసరు కాంతిని పుట్టించి 2013లో ప్రకటించిరి. 2017లో ఇట్టి తీగెలను ఆధారముగా నిలిపి, మెదడునందలి నాడీకణములు వానిపై పెరిగి ఒకదానితో నొకటి సంబంధమేర్పరచుకొనుటను చూపిరి.

ఇక వంగెడు ఎలక్ట్రానిక్ సాధనముల మాట. గాజువలె పెళుసైన సిలికాను వంగుట యెట్లు? దీని మర్మము మీ పుస్తకపు సంచిలోనే యున్నది. అట్టను మడువ యత్నించుడు, కష్టము. దానితో చేసినదేయైన పలుచని కాగితమును మడువుడు, సులభము. వస్తువు మందము సగమైనచో దానిని వంచుటకు కావలసిన బలము సగము కాదు, ఎనిమిదవవంతగును. మందము పదవవంతైనచో బలము వేయవవంతు చాలును. మఱియు పలుచనైన కొలది వంగినపుడు దాని పైపొర సాగుటయు తక్కువ. కావుననే అది పగులదు. మన ఉప్పాడ నేతగాండ్రు ఈ రహస్యమును చేతులతో నెఱిగినవారే. వెండి కడ్డీని చీరలో నేయజాలరు. ఆ వెండినే సన్నని రేకుగా సాగదీసి, పట్టునూలు చుట్టు చుట్టి, బంగారుపూత పూసి జరీ చేసినచో, అది మడతకు మడతగా ఒదిగిపోవును. ఆ జరీ నూలే విద్యుత్తును మోయగలదు కూడ. నేటి ఇంజనీరు జరీనుండి నేర్వదగిన పాఠము కలదని నేనన్నచో అతిశయోక్తి కానేరదు.

లోహము లట్లుండ, ప్లాస్టికు విద్యుత్తును ప్రసరింపజేయదని మేము బడిలో వల్లించితిమి. 1977లో హీగర్, మాక్‌డయార్మిడ్, షిరకావా అను మువ్వురు పండితులు ఆ వల్లింపును తప్పని చూపిరి. 2000 సంవత్సరమున వారికి నోబెలు బహుమానము వచ్చెను. దాని మూలము ఒక పొరపాటట! జపానునందు షిరకావాగారి ప్రయోగశాలలో ఒక ప్రయోగమున వేయవలసినదానికంటె వేయిరెట్లు ఉత్ప్రేరకము పడెను. తత్ఫలితముగా వెండివలె మెఱయు పొర యొకటి యేర్పడెను. పొరపాటు చేసినవానిని దండించి, పాత్ర కడిగివేసి యుండినచో ఆ శాస్త్రశాఖ యెంత యాలస్యమై యుండెడిదో! అట్లే 2004లో మాంచెస్టరు నగరమున గైమ్, నొవొసెలోవ్ అనువారు గ్రాఫైటుమీద జిగురు పట్టీ నంటించి లాగి, ఒక్క పరమాణువు మందము గల గ్రాఫీను పొరను వేఱుచేసిరి. 2010లో వారికిని నోబెలు బహుమానము లభించెను. గ్రాఫైటనగా మఱేమియు కాదు, పెన్సిలు ముల్లులోనిదే.

పెన్సిలు మాట వచ్చినది గనుక నా దోష మొకటి ఒప్పుకొనవలసియున్నది.

చాల సంవత్సరముల క్రిందట నేను వేఱొక పాఠశాలలో పనిచేయుచుంటిని. ఉపాధ్యాయ శిక్షణ కళాశాలనుండి వచ్చి ఎక్కువకాలము కాలేదు. ప్రయోగశాల తాళపుచెవి నా యధీనమున నుండెను. అది నా మొలనుండి దిగెడిది కాదు. పరీక్షాధికారి వచ్చు దినమున తలుపు తెఱచుట, మఱునాడు మూయుట: అదియే మా ప్రయోగశాల చరిత్రము. ఒకనాడు తొమ్మిదవ తరగతి బాలు డొకడు నేను ఏమఱియుండగా లోపల ప్రవేశించెను. నేను పోయి చూచునప్పటికి వాడు ఒక కాగితముమీద పెన్సిలుతో నల్లగా దట్టముగా గీత గీసి, దాని రెండు కొనలకు తీగెలు తగిల్చి, టార్చిలైటు బ్యాటరీని, గాల్వనామీటరును కలిపి పెట్టుకొని కూర్చుండెను. కాగితమును వంచును, ముల్లు కదలును. చాపును, ముల్లు తిరిగి పోవును. "చూడండి మాస్టారండీ, కాగితం వంచితే దీనికి తెలిసిపోతోంది!" అని వాడు సంతోషముతో కేక వేసెను. ఆ కేకలో చేయి జాఱి బ్యాటరీ తీగె నేరుగా గాల్వనామీటరునకు తగిలెను. ముల్లు ఒక్క పెట్టున పోయి కొట్టుకొని వంగిపోయెను.

నేను ముల్లును జూచితిని గాని కాగితమును జూడలేదు. వానిని కొట్టితిని. తండ్రిని పిలిపించి వెల కట్టించితిని. తలుపునకు రెండవ తాళము వేయించితిని. ఆ సంవత్సరమున మా పాఠశాలలో ఏ వస్తువును పాడు కాలేదని అధికారులు నన్ను మెచ్చుకొనిరి.

తరువాత చాల కాలమునకు, కాగితముమీద పెన్సిలు గీతతో వంపును కనిపెట్టు సాధనములను చేయుచున్నారని ఒక విజ్ఞాన పత్రికలో చదివితిని. పెద్ద పెద్ద విశ్వవిద్యాలయములలో ఆచార్యులు దానిపై వ్యాసములు వ్రాయుచున్నారట. కాగితమును వంచినపుడు గ్రాఫైటు రేకులు ఎడమగును లేదా దగ్గఱ యగును. దానితో విద్యుత్తునకు కలుగు నిరోధము మారును. ఇదియే కదా నాడు నా శిష్యుడు నాకు చూపినది! పత్రిక చేతిలో నుండగనే నా చేయి వణకెను.

ఆ బాలుడు నేడు ఒక పట్టణమున సెల్ ఫోనులు బాగుచేయు చిన్న దుకాణము నడుపుచున్నాడు. గత వేసవిలో నా ఫోను పాడైనపుడు తెలియక వాని దుకాణమునకే పోతిని. వాడు నన్ను గుర్తించి, కుర్చీ వేసి, టీ తెప్పించి, ఫోను విప్పెను. లోపల పసుపురంగు సన్నని పట్టీ యొకటి మడతపడి యుండెను. "దీన్ని ఫ్లెక్సు స్ట్రిప్పు అంటారండి. రాగి గీతలున్న ప్లాస్టికు రేకండి ఇది. వంగుతుంది గాని విరగదండి. మీకు గుర్తుందా మాస్టారండీ, ఆ పెన్సిలు గీత?" అని నవ్వెను. వానికి కోపము లేదు. డబ్బు పుచ్చుకొనలేదు. వాని వృత్తి గౌరవమైనదే. వాడు తన కుటుంబమును చక్కగా పోషించుకొనుచున్నాడు. వాడు మఱేమియో యై యుండెడివాడని నేను చెప్పజాలను. చెప్పలేకపోవుటయే నా బాధ. వాడు ఏమి కాగలడో తెలిసికొను తలుపు నా చేతిలో నుండెను. దానికి నేను రెండు తాళములు వేసితిని.

ఇప్పుడు మరల జగదీశ్ గారి జీవితమును చూడుడు. దానికి పునాది యేది? నా కందు మూడు రాళ్లు కనబడుచున్నవి. మొదటిది, తలుపు తెఱచిన ఉపాధ్యాయుడు. పల్లెటూరి పిల్లవాడు తన యింట నుండి చదువుకొనుటకు ఆయన చోటిచ్చెను. ఆ గురువునకు నానో తీగెలను గూర్చి ఏమియు తెలిసియుండదు. తెలియ నక్కఱయు లేదు. రెండవది, ఒక చిన్న పట్టణపు కళాశాలలో చదివిన సామాన్యమైన బి.యస్సీ. దానిని నేడు మనము, మఱి యెక్కడను సీటు రానివాడు చేరునది యని చులకన చేయుచున్నాము. మూడవది, ఓపిక. బి.యస్సీ.కిని డాక్టరు పట్టమునకును నడుమ తొమ్మిది సంవత్సరములు గడచినవి. సొంత పరిశోధనా వర్గమును ఆరంభించునప్పటికి ఆయనకు ముప్పది దాటినవి.

దీనికి తలిదండ్రులు చెప్పు ఆక్షేపణలు నాకు తెలియును, వానిని త్రోసిపుచ్చను. మొదటి యాక్షేపణ: "లక్షమందిలో ఒక్కడు జగదీశ్ అగును. మిగిలినవారి గతి యేమి?" సరియైన ప్రశ్నయే. పరిశోధనా మార్గమున వేతనము ఆలస్యముగా వచ్చును. వచ్చినను మొదట కొంచెమే వచ్చును. అప్పుచేసి చదివించు నింటికి అది బరువే. ఆ సంగతి పిల్లలకు దాచిపెట్టి వారిని ప్రోత్సహించుట మోసము. కాని అందఱును ఒకే కొలువునకు ఎగబడుటయు క్షేమకరము కాదు కదా! ఒకే పంట వేసిన యూరికి ఒక్క తెగులు చాలును. పైగా ఈ విద్య నేర్చినవానికి ఆచార్య పదవి యొక్కటే దారి కాదు. సౌర ఫలకములు, బ్యాటరీలు, వైద్య పరికరములు, చిప్పులు చేయు కర్మాగారములకు పదార్థముల స్వభావ మెఱిగినవారు కావలయును. మన కాకినాడలోనే 1946లో విశాఖపట్టణపు పేర వెలసిన ఇంజనీరింగు కళాశాల నేడు విశ్వవిద్యాలయమునకు కేంద్రమై యున్నది. హైదరాబాదులో నూతన పదార్థముల పరిశోధనకే ప్రత్యేకముగా ఏ.ఆర్.సి.ఐ. సంస్థ కలదు. భారత ప్రభుత్వము 2007లో నానో శాస్త్రమునకై ప్రత్యేక ప్రణాళిక నారంభించెను. దారి మూయబడలేదు, మనము దానివంక చూచుటలేదు.

రెండవ యాక్షేపణ: "అంత చదివి పరదేశమునకు పోయెను గదా! మన కేమి లాభము?" ఈ మాట నన్నును కలతపెట్టినదే. మన గోదావరి గడ్డమీద, భీమవరమున 1895లో జన్మించిన యల్లాప్రగడ సుబ్బారావుగారు అమెరికాకు పోయి, 1948లో అచ్చటనే కన్నుమూసిరి. కాని వారి పరిశోధనా వర్గమునుండి వెలువడిన మందులు నేడు మన యూరి మందుల దుకాణములలోను దొరకుచున్నవి. విద్యకు ఎల్లలు లేవను మాటలో కొంత నిజము కలదు. అయినను పూర్తి నిజము కాదు. ఇచ్చట తగిన ప్రయోగశాలలును, నిలుకడయైన ధనసహాయమును, పనిచేయు స్వేచ్ఛయు నుండినచో వెళ్లువారిలో పలువురు వెళ్లరు. వెళ్లినవానిని నిందించుటకంటె, వెళ్లవలసిన యవసరమును తగ్గించుట మేలు. జగదీశ్ గారును, వారి సతీమణి విద్యగారును తమ ధనముతో ఒక నిధి నెలకొల్పి, అభివృద్ధి చెందుచున్న దేశముల విద్యార్థులు తమ విశ్వవిద్యాలయమునకు వచ్చి పరిశోధన చేసిపోవుటకు తోడ్పడుచున్నారు. ఒక గురువు తన యింట చూపిన చోటును ఆ శిష్యుడు ఖండాంతరమున ఇట్లు తిరిగి చూపుచున్నాడని నేను భావించుచున్నాను.

మూడవ యాక్షేపణ శాస్త్రమును గూర్చినది. "నానో" యను పదమును నేడు ప్రతి ప్రకటనయందును వాడుచున్నారు. పేరు చూచి మోసపోరాదు. వంగెడు సాధనములు తేమకు త్వరగా చెడును. మన డెల్టాలో తేమకు కొదువయా? అతిసూక్ష్మ కణములు ఊపిరితిత్తులలో చేరినచో హాని చేయవచ్చును గనుక, వానితో పనిచేయువారికి రక్షణ కావలయును. పాతబడిన సాధనముల చెత్తను ఎక్కడ వేయుదుమను ప్రశ్నయు కలదు. ఈ చిక్కులు శాస్త్రమును విడిచిపెట్టుటకు కారణములు కావు. మంచి విద్యార్థులు అందు ప్రవేశించుటకు కారణములు. రొయ్యల చెరువులో ప్రాణవాయువు తగ్గినదని రాత్రివేళ రైతును లేపు చౌక సాధనమును, గుడిసె కప్పుమీద చాపవలె పఱచి, తుపాను వచ్చునపుడు చుట్టి లోపల పెట్టుకొనదగిన సౌర ఫలకమును ఎవడు చేయవలెను? తేమ యెఱిగినవాడు, చెరువు నెఱిగినవాడు, తుపాను రాత్రి గడపినవాడు చేయవలెను. కాన్‌బెరాలో కూర్చున్నవానికంటె కోనసీమ బిడ్డకు ఆ యవసరము బాగుగ తెలియును.

ఇది క్రొత్త విద్య యని మనము జంకనక్కఱలేదు. తెలంగాణములో నిజామాబాదు ప్రాంతమునందలి కోనసముద్రమున పూర్వము ఉక్కు చేసెడివారు. పారసీక వర్తకులు దానికై వచ్చెడివారు. దక్షిణ భారతమునుండి పోయిన అట్టి యుక్కుతో డమాస్కసు కత్తులు తయారగుచుండెడివి. 2006లో జర్మనీ పండితులు పదునేడవ శతాబ్దపు డమాస్కసు కత్తి నొకదానిని పరీక్షించి, అందు కర్బనపు నానో గొట్టములున్నవని ప్రకటించిరి. మూసలో ఆకులును కఱ్ఱయు వేసి ఉక్కు కరగించిన మన కమ్మరులకు నానో యను మాట తెలియదు. వారు చేతితో చేసిరి, కంటితో చూచిరి, కొడుకునకు నేర్పిరి. మనము చేతిపనిని విడిచి, నోటితో వల్లించుటనే విద్య యనుకొంటిమి. నష్టము అచ్చటనే కలిగినది.

కావున నా యభిప్రాయమును సూటిగ చెప్పెదను. పాఠశాల ప్రయోగశాల తాళపుచెవి ఉపాధ్యాయుని మొలలో నుండదగినది కాదు. ప్రతి శనివారము మధ్యాహ్నము రెండు గంటలు తలుపు తెఱచి యుంచవలెను. పరీక్షకు సంబంధింపని ప్రయోగములు చేయుటకు బాలురకును, బాలికలకును సమానముగ వేళ యీయవలెను. బాలికలను వస్తువులు తుడుచుటకు మాత్రమే పిలుచు నలవాటు మానవలెను. పాడైన రేడియోలు, ఫోనులు, బొమ్మలు, గడియారములు ఊరివారు తెచ్చి వేయుటకు ఒక పెట్టె పెట్టవలెను. పిల్లలు వానిని విప్పి చూడవలెను. ఏదైనను విఱిగినచో, ఎట్లు విఱిగినదో వ్రాసి సంతకము పెట్టుట చాలును. వెల కట్టించుట వలదు. దీని కంతటికిని అగు వ్యయము మన వార్షికోత్సవమునందు పందిటి యలంకారమునకగు వ్యయముకంటె ఎక్కువ కాదు. విఱిగిన గాల్వనామీటరు వెల మనము లెక్కగట్టగలము. విఱిగిన ఉత్సాహము వెల ఏ పద్దుపుస్తకమునందును వ్రాయలేము.

తలిదండ్రులకు నా మనవి యొక్కటియే. బిడ్డ కోరిన శాస్త్రము నందు వానిని మూడేండ్లు చదువనిండు. మనము త్రాగు కాలువ నీరు ఏనాటిది? ధవళేశ్వరపు ఆనకట్టను 1847లో ఆరంభించి 1852లో ముగించిరి. ఆ రాళ్లు మోసినవారిలో ఎందఱు డెల్టా పంట తినిరో! ఓపికతో కట్టినదానిమీదనే మనము నేడు బ్రదుకుచున్నాము.

విద్యార్థులారా! మీరందఱును ఆచార్యులు కావలెనని నేను చెప్పుటలేదు. మీకు తోచిన ప్రశ్నను వదలిపెట్టకుడని మాత్రమే చెప్పుచున్నాను. కాగితము వంచినపుడు ముల్లు ఏల కదలెనని యడుగుడు. మాస్టారు కసరినను మఱియొకసారి యడుగుడు.

కొబ్బరి వర్తకులు గారూ, మీ మాటకు నా యుత్తరమిది: అవునండి, ఫిజిక్సు చదివినచో మీ వాడు మాస్టారే కావచ్చును. అయినచో, పిల్లలకు తలుపు తెఱచెడి మాస్టారు కావలెనని కోరుకొందము. ఈ మాసమునుండి మన ప్రయోగశాల తాళపుచెవి నా మొలలో లేదు; తలుపు ప్రక్కన మేకునకు వ్రేలాడుచున్నది. శనివారము మీ వానిని పంపుడు.